సున్నం రాయి నుంచి కంకర కుప్ప దాకా

మెదక్
3 నవంబరు 1948

వెంకట్రాములూ,

నువ్వు పిరికివాడివి. కోపం వస్తే రానియ్యి, ఉత్తరం మాత్రం చించకుండా చదువు. పట్నంలో ఇరవై ఏండ్లు వకాలతు చేసినవు. నిన్నటి సర్కారుకు ఒక తీరు సలాము, ఇయ్యాల్టి మిలిటరీ సర్కారుకు ఇంకో తీరు సలాము కొట్టుడు నేర్చుకున్నవు. నా చెల్లె నవోమి మొగుడు ఏలీయా జైలుకు పోయే గడియ వస్తే నువ్వు పంపిన సలహా ఏమిటి? "నేరం ఒప్పుకొమ్మను. రహం అడుగుదాం. విమానం మాట ఎత్తొద్దు." మూడు మాటలు. మూడింటిలోనూ వణుకే!

నువ్వు పోలీసుల పంచనామా చదివినవు. నేను మనుషుల్ని అడిగిన. జరిగింది మళ్లీ చెప్తున్న, చెవులు పెట్టి విను.

సెప్టెంబరు పదహారు, గురువారం. ఏలీయా మెదక్ నుంచి రామాయంపేటకు బస్సు తీసుకొని పోతున్నడు. ఏడేండ్లుగా అదే సడక, అదే చక్రం. అడవి దాటి దిగుడులో ఉండంగ చెట్ల నెత్తి మీది నుంచి విమానం వచ్చింది. మన దిక్కు జనం అంత కిందికి వచ్చిన విమానాన్ని ఎప్పుడు చూసిండ్రు? బాంబు పడుతదని కొందరు నేల మీద బోర్ల పడ్డరు. ఎదురుగా వస్తున్న గాలయ్య బండి ఎద్దులు బెదిరి సడకకు అడ్డం తిరిగినయి. బండిలో నలుగురు ఆడోళ్లు, అందులో ఒకామె నిండు నెలల మనిషి. ఏలీయా చక్రం ఎడమకు తిప్పిండు. ఎడమ పక్క కంకర కుప్ప దగ్గర సీతాఫలాల గంప పెట్టుకొని పెంటమ్మ కూర్చున్నది. అక్కడికక్కడే పోయింది.

ఇప్పుడు చెప్పు, ఏం చేయాల్సి ఉండె? కుడికి తిప్పితే లోయ. తిప్పకపోతే బండి. రెండు రెప్పపాట్లు కూడా లేని ఆ సందులో మనిషి చేసిన పనిని, మెత్తటి కుర్చీలో కూర్చున్న మెజిస్ట్రేటు రెండు నెలలు తీరిగ్గా ఆలోచించి తప్పు పడుతడా? ఇదేనా మీ ఇన్సాఫ్?

ఇక విమానం సంగతి. పంచనామాలో "ఎద్దులు బెదిరినవి" అని ఉన్నది. ఎందుకు బెదిరినయో లేదు! మమ్మల్ని విడిపించడానికి వచ్చిన ఫౌజు విమానం గనుక దాని పేరు కాగితం మీదికి రావద్దట. అరే, రజాకార్ల పీడ పోయిందని నేనూ మామిడాకులు కట్టిన మనిషినే. విడిపించే విమానమైతే చప్పుడు చేయదా? ఎద్దులకు ఏ సర్కారుదో చూసి బెదరాలని తెలుస్తదా?

ఏలీయా జమానతు మీద బయట ఉన్నడు. అన్నం ముందర కూర్చుంటడు, తినడు. నేరం ఒప్పుకోడు. నేను ఒప్పుకోనియ్య. నువ్వు వకీలువైతే జవాబు రాయి. కాకపోతే ఆ నల్లకోటు పాతగుడ్డలు కొనేటోనికి ఇచ్చెయ్యి.

ప్రకాశం

*

హైదరాబాద్, సుల్తాన్ బజార్
9 నవంబరు 1948

ప్రకాశం పంతులూ,

తిట్లు అందినవి. బడిలో ఒకే బెంచి మీద కూర్చున్న రోజుల్లో తిట్టిన దానికంటే నీ వ్యాకరణం చాలా బాగుపడ్డది. సంతోషం.

పిరికివాణ్ణే. పిరికివాళ్ల దగ్గర ఉన్న క్లయింట్లు తక్కువగా జైలుకు పోతరు, లెక్క తీసి చూసుకో. కానీ నీ ఉత్తరంలో ఒక మాట నన్ను పట్టుకున్నది. "రెండు రెప్పపాట్లు కూడా లేని సందు" అన్నవు. నీకు తెలియకుండానే నువ్వు కానూను మాట్లాడినవు.

విను. విలాయతు కోర్టుల ముందు ఇలాంటి పంచాయితీ మొదట ఓడల మీద వచ్చింది. ఒక ఓడ ఉన్నట్టుండి అడ్డం వస్తే, రెండో ఓడ కప్తాను బెదిరి చుక్కాని తప్పు దిక్కుకు తిప్పిండు. మనుషులు పోయిండ్రు. ఆ జడ్జీలు ఏమన్నరంటే: ఆపద ముంచుకొచ్చిన క్షణంలో మనిషి దగ్గర నిమ్మళమైన బుద్ధిని ఆశించకూడదు. మామూలు తెలివి, మామూలు గుండె ఉన్న ఇంకొకడు ఆ చోట ఉంటే అదే చేసి ఉండునా అని చూడాలి. ఔనంటే, వాడు చేసింది తర్వాత తప్పని తేలినా సరే, అది అజాగ్రత్త కాదు. మోటరు బండ్ల ముకద్దమాల్లోనూ ఇదే పట్టుకుంటరు.

అయితే దీనికి ఒక తాళం ఉన్నది. ఆ ఆపద వాడు తన చేజేతులా తెచ్చుకున్నది కావద్దు. ముందే ఒక తప్పు చేసి, దానివల్ల ఇరుకున పడి, "అయ్యో, టైము లేకుండె" అంటే ఏ కోర్టూ వినదు.

కనుక అరుపులు తగ్గించి పని చెయ్యి. ఎద్దులు కనబడేసరికి బస్సు ఎంత దూరంలో ఉన్నది, ఎంత జోరు మీద ఉన్నది, బ్రేకు ఎక్కడ వేసిండు, హారన్ కొట్టిండా లేదా, ఇవన్నీ కనుక్కో. అక్కడ ఉన్న ప్రతి మనిషినీ అడుగు. విమానం మాట ఎత్తుదాం. పిరికివాణ్ణే అయినా ఎత్తుత.

వెంకట్రాములు

*

మెదక్
21 నవంబరు 1948

వెంకట్రాములూ,

అరే! ఇంత మంచి కానూను మీ దగ్గర పెట్టుకొని ఇన్నేండ్లు బీరువాలో దాచిపెట్టిండ్రా! "నిమ్మళమైన బుద్ధిని ఆశించకూడదు." ఈ ఒక్క మాట బడి నల్లబల్ల మీద రాసిన. హెడ్మాస్టరు వచ్చి "ఇది ఏ పాఠం, ప్రకాశం?" అన్నడు. "మనుషుల పాఠం" అన్న.

పోయిన శనివారం నేనూ ఏలీయా కొలతాడు పట్టుకొని దిగుడుకు పోయినం. ఎద్దులు అడ్డం తిరిగిన చోటికీ, వాడు వాటిని చూసిన మలుపుకూ నూట పది అడుగులు. వాడు చక్రం తిప్పింది నలభై అడుగులు మిగిలి ఉండంగ. నేను పరుగెత్తి చూసిన. నా నలభై ఆరేండ్ల కాళ్లకే అది ఒక దగ్గు దగ్గేంత సేపు!

గాలయ్య ఇంటికి పోయిన. మనిషి ఎద్దులకు కుడితి పెడుతున్నడు.

"గవాయి చెప్పుటానికి వస్తవా గాలయ్యా?"

"నేనెందుకు రాను పంతులూ? నా కోడలు గా బండిల ఉండె. ఇయ్యాల మనుమడు ఉయ్యాలల ఉన్నడంటే గా డ్రైవర్ సాబు పున్నెమే."

"విమానం వచ్చిందని చెప్తవా?"

"చెప్త. నేనే కాదు, అడిగితే ఈ ఎద్దులు కూడా చెప్తయి. గప్పటి సంది గద్ద ఎగిరినా బెదిరి ఉరుకుతున్నయి ముండాకొడుకులు."

ఆయన కోడలు కౌసల్య లోపలి నుంచి కేకేసింది: "పంతులూ, పేరు ఏం పెట్టాల్నో జర ఆ డ్రైవరన్ననే అడుగుండ్రి!" ఇంటికి వచ్చి ఈ మాట చెప్తే ఏలీయా గోడ దిక్కు తిరిగిండు.

కండక్టరు బక్కయ్య కూడా వస్తనన్నడు. బస్సులో ఉన్న ఇద్దరు చర్చి ఆడోళ్లు, దానమ్మ, ఎలిశిబా, ప్రమాణం చేసి చెప్తమన్నరు. అందరిదీ ఒకటే మాట: ఎద్దులు వచ్చినయి, డ్రైవరు తిప్పిండు, వేరే దారి లేకుండె. ఇంకేం కావాలె నీకు? గెలిచినం అనుకో! గెలిచినంక ఈ ముకద్దమాను అచ్చు వేయించి ప్రతి మోటరు అడ్డాలో పంచుత. చక్రం పట్టినోడంటే చులకన అయిపోయింది ఈ దేశంలో. సేట్లు బండ్లు కొంటరు, శిక్షలు డ్రైవర్లు పడుతరు.

తారీఖు పడ్డదా? తొందరగా రాయి. నాకు చేతులు దురద పెడుతున్నయి.

ప్రకాశం

*

హైదరాబాద్
28 నవంబరు 1948

ప్రకాశం పంతులూ,

తారీఖు పడ్డది. డిసెంబరు ఇరవై రెండు, మెదక్‌లోనే.

నీ కొలతలు భేష్. వకీలువై ఉంటే నా పొట్ట కొట్టేవాడివి. కానీ మూడు సంగతులు అడుగుత.

ఒకటి, నూట పది అడుగుల దూరంలో ఆపద చూసి బ్రేకు వేస్తే, మామూలు జోరు మీద ఉన్న బస్సు కొంతైనా తగ్గాలి. ఇది కంకర కుప్పను చీల్చుకొని అవతలికి పోయిందని పంచనామాలో ఉన్నది. అంత జోరు ఎక్కడిది? ఏలీయా జోరుగా నడిపే మనిషి కాడని నువ్వే ఎన్నోసార్లు చెప్పినవు.

రెండు, హారన్ సంగతి అడిగిన. నీ జవాబులో లేదు.

మూడోది అడగాలంటే నాకే నోరు రాలేదు. నీ ఉత్తరంలో గాలయ్య ఉన్నడు, ఎద్దులు ఉన్నయి, ఎద్దుల కుడితి ఉన్నది, ఉయ్యాలలో పిల్లగాడు ఉన్నడు. చచ్చిపోయిన పెంటమ్మకు ఇల్లు లేదా? ఆమెకు ఐలవ్వ అని ఒక బిడ్డ ఉన్నదనీ, ఆ పొద్దు పక్కనే ఉన్నదనీ పంచనామాలో ఒక్క ముక్క ఉన్నది. పోలీసులు ఆమె బయాను తీసుకోలేదు. మాల మాదిగలు ఎక్కడ ఏడిస్తే అక్కడికి మొదట నువ్వే ఉరుకుతవు. ఈసారి ఆ గడప ఎందుకు తొక్కలేదు? తొక్కి కూడా రాయలేదా?

నాతో నీ దోస్తీ ముప్పై ఏండ్లది. నువ్వు మూడు పేజీలు రాసి ఒక మనిషిని వదిలేస్తే నాకు తెలుస్తది.

వెంకట్రాములు

*

మెదక్
5 డిసెంబరు 1948

వెంకట్రాములూ,

తొక్కిన. పోయిన ఉత్తరం రాయకముందే తొక్కిన. రాయలేదు.

సంజాయిషీ ఇయ్యను. జరిగింది రాస్త.

ఐలవ్వ ఇల్లు ఊరి బయట. నన్ను చూసి చాప వేసింది. "కూసోండ్రి పంతులూ. మీ బావ తరుపున వచ్చిండ్రా, మా తరుపున వచ్చిండ్రా?" అన్నది. అట్లా సూటిగా నన్ను ఈ మధ్య ఎవ్వరూ అడగలేదు. "నిజం కోసం వచ్చిన" అన్న. నవ్వింది.

"నిజమంటే చెప్త, ఇనుండ్రి. విమానం మేం జూసినం. మా అవ్వ గూడ జూసింది. చూసి దండం పెట్టింది, దేవుడని. నేను వాగుల నీళ్లకు దిగిన. మా అవ్వ చెవులు పాముల చెవులు, సారూ. మోటరు మలుపు అవతల ఉండంగనే చప్పుడు పట్టి గంప జరుపుకునేది. దినాం జరుపుకునేది. గా దినం జరుపుకోలే. ఎందుకు? మోటరు చప్పుడే లేకుండె. దయ్యం లెక్క వచ్చింది. హారన్ లేదు, ఏం లేదు. నేను తల ఎత్తేసరికి అయిపోయింది."

వెంకట్రాములూ, నాకు ఆ క్షణాన అర్థమైపోయింది. ఎందుకంటే ఆ దిగుడు నాకు తెలుసు. మా అందరికీ తెలుసు.

నీకు తెలియదు, నువ్వు పట్నం మనిషివి. ఇండియా సర్కారు మన సంస్థానానికి సరుకులు రానియ్యకుండ నాకా పెట్టినప్పటి నుంచి పెట్రోలు బంగారమైంది. బస్సు సేటు పొద్దున టిన్నుతో కొలిచి పోస్తడు, టాంకీకి తాళం వేస్తడు. దిగుడు నెత్తిన ఒక రాయికి సున్నం పూయించిండు. అక్కడ ఇంజన్ బంద్ చేసి న్యూట్రల్‌లో వదలాలె. కింద జాజు పూసిన రాయి దగ్గర మళ్లీ చాలూ చేయాలె. మైలున్నర. చేయని డ్రైవరుకు సాయంత్రం పెట్రోలు తక్కువ వస్తది, మర్నాడు చక్రం ఇంకొకని చేతిలో ఉంటది.

మరి మేం? బస్సులో కూర్చున్నోళ్లం? ఆ మైలున్నర అంటే మాకు ప్రాణం. ఇంజన్ మోతలో ఒకరి మాట ఒకరికి వినబడదు గనుక ముచ్చట్లన్నీ సున్నం రాయి దాకా ఆపుకునేవాళ్లం. రాయి రాంగనే "ఆఁ, చెప్పుండ్రి" అని బస్సు బస్సంతా మొదలు. అక్కడ పెండ్లి సంబంధాలు ఖాయమైనయి. రజాకార్లకు తెలియకుండ సంఘం కబుర్లు చేతులు మారినయి. నేనే ఆ దిగుడులో ఉపన్యాసాలు ఇచ్చిన. శ్రమజీవుల ప్రాణాల గురించి! ఇంజన్ ఎందుకు ఆగిందని ఒక్కనాడు అడగలేదు. కింద సడక మీద నడిచేటోళ్ల చెవికి ఏం చేరుతున్నదని ఒక్కనాడు ఆలోచించలేదు.

ఇంటికి వచ్చి ఏలీయాను అడిగిన.

"ఇంజన్ బంద్ ఉండెనా?"

"ఉండె బావా."

"ముందు ఎందుకు చెప్పలేదు?"

"నువ్వు అడగలే. నూట పది అడుగులని కొలుస్తుంటివి. నేను సున్నం రాయి కాడ నుంచి కొలుస్తవని చూస్తుంటి." తర్వాత చెప్పిండు: "గేర్ల ఉంటే ఇంజనే బండిని పట్టుకుంటది బావా. న్యూట్రల్ల అంత బరువు బ్రేకు మీదనే. కాలు మొత్తం పెట్టి తొక్కిన. ఆగలే. హారన్ కొట్టాల్నంటే చెయ్యి చక్రం ఇడవాలె. ఇడవలే."

నవోమి తలుపు పట్టుకొని నిలబడ్డది. "అన్నా, గీ ముచ్చట పట్నం రాయకు. నీ కాళ్లు మొక్కుత." నేను రాయలేదు. పంచనామాలో విమానం లేదని నిన్ను పిరికివాడన్న చేయి, మూడు వారాలు తిరగకముందే ఐలవ్వ లేకుండ మూడు పేజీలు రాసింది.

ఇప్పుడు నీ కానూను తాళం సంగతి చెప్పు. "చేజేతులా తెచ్చుకున్నది" అన్నవు కదా. ఎవని చేయి? చెప్పు! చక్రం మీద ఉన్న చేయా, రాయికి సున్నం పూసిన చేయా?

ప్రకాశం

*

హైదరాబాద్
10 డిసెంబరు 1948

ప్రకాశం,

ఈసారి పంతులూ అని రాయబుద్ధి కాలేదు.

ఉన్నది ఉన్నట్టు చెప్త. ఐలవ్వ బయాను పోలీసుల దగ్గర లేదు. ఆమెను పిలవాల్సిన బాధ్యత నాకు కానూను పెట్టలేదు. గాలయ్యతో, ఇద్దరు చర్చి ఆడోళ్లతో ఎద్దుల దగ్గర మొదలుపెట్టి కంకర కుప్ప దగ్గర ఆపేస్తే ఏలీయా విడుదల అవుతడు. పదింట ఎనిమిది వంతులు నమ్మకం ఉన్నది. ఇంజన్ మాట ఒకసారి బయట పడితే నమ్మకం సగానికి దిగుతది. రెండేండ్ల దాకా శిక్ష పడవచ్చు.

"ఎవని చేయి" అన్నవు. మంచి ప్రశ్న. కానీ యజమాని చెప్పిండంటే నౌకరు తప్పు మాఫీ కాదు. ఏలీయా చదువుకున్న డ్రైవరు, న్యూట్రల్ అంటే ఏమిటో తెలిసినోడు. సేటు మీద వేరే దావా నడుస్తది, అది వేరే పుస్తకం. ఇంకొకటి కూడా చెప్పాలి. ఇంజన్ బంద్ ఉన్నా లేకున్నా ఎద్దులు విమానానికే బెదిరినయి. ఆ ఆపదను ఏలీయా తేలేదు. దాన్ని తట్టుకునే బలాన్ని మాత్రం బండికి లేకుండ చేసిండు. ఈ రెండింటి నడుమ సందు ఉన్నది. అందులో నేను నిలబడి వాదించగలను. చాలా ఇరుకు సందు. నా ఇరవై ఏండ్లలో అసలు వాదించాలనిపించిన ముకద్దమా ఇదొక్కటే, దేవుని తోడు.

కానీ నిలబడాల్నా వద్దా అనేది నేను తేల్చను. నేను ఏదన్నా దాచిన ప్రతిసారీ నువ్వు నన్ను కడిగినవు. ఈసారి నువ్వే చెప్పు. ఐలవ్వను పిలవాల్నా, వదిలేయాల్నా? ఏలీయాను అడిగి, నవోమిని అడిగి, రాయి. పన్నెండు రోజులే ఉన్నయి.

వెంకట్రాములు

*

మెదక్
14 డిసెంబరు 1948

వెంకట్రాములూ,

అడిగిన. ముగ్గురం కూర్చున్నం. కూర్చున్నం అంటే తప్పు, ముగ్గురం కొట్లాడినం. నవోమి చెంబు విసిరింది, నా దిక్కే. "నీకు కావాల్సింది ముకద్దమా అన్నా, నాకు కావాల్సింది మొగుడు" అన్నది.  

 ఏలీయా నవోమితో చెప్పిండు: "బైబిల్ మీద చెయ్యి పెట్టిస్తరు. ఎద్దుల కాడ నుంచి నిజం చెప్పు, సున్నం రాయి కాడ నుంచి చెప్పకు అంటే నాకు రాదు పిల్లా. నేను ఆ బండిని తిప్పిన చేతిని ఏం అంటలేను. మళ్ల గట్లనే అయితే మళ్ల గట్లనే తిప్పుత. నన్ను తింటున్నది ఇంజన్ బంద్ చేసిన చెయ్యి. ఏడేండ్ల డ్రైవర్ని. తెలిసే బంద్ చేసిన."

నవోమి ఏడ్వలేదు. చెంబు తెచ్చి నీళ్లు నింపి వాని ముందర పెట్టింది. "అయితే తిను. జైలుకు పోయేటందుకైనా వొంట్ల బలముండాలె" అన్నది. ఆ పొద్దు వాడు తిన్నడు.

నిన్న ఐలవ్వ దగ్గరికి ఏలీయా ఒక్కడే పోయిండు. ఏం మాట్లాడుకున్నరో నేను అడగలేదు. నాలాంటివాడు అడగకుండ ఉండుడు కూడా ఒకటి ఉంటదని ఈ నెలలో తెలిసింది. ఐలవ్వ కబురు పంపింది: వస్తనని. రెండు దిక్కులా జరిగిందే చెప్తనని.

అరే, నాకు రక్తం ఉరకలేస్తున్నది! ఓడిపోవచ్చు. అయినా సరే. ఒక డ్రైవరు, ఒక చచ్చిపోయిన మాదిగ మనిషి బిడ్డ, ఇద్దరూ ఒకే అదాలతులో ఒకే నిజం చెప్పబోతున్నరు. పోలీసులు విమానాన్ని దాచిండ్రు. సేటు రాయిని దాచిండు. నేను ఐలవ్వను దాచిన. దాచనోళ్లు వాళ్లిద్దరే.

నువ్వు నిలబడే ఆ ఇరుకు సందులో నిలబడు. నా షర్తులు ఇవి. బేరం లేదు.

1. మొదటి గవాయిగా ఐలవ్వను పిలువు. గాలయ్య ఆమె తర్వాతనే.

2. ఆమెను "నీకు చెవులు సరిగ్గా వినబడుతయా" లాంటి ప్రశ్నలు వేసి తికమక పెట్టొద్దు.

3. విమానం మాట మెజిస్ట్రేటు ముఖం చూసి, గట్టిగా చెప్పు. రికార్డులో రాయించు.

4. మెజిస్ట్రేటును దిగుడుకు తీసుకపోవాలని అర్జీ పెట్టు. సున్నం రాయిని కళ్లతో చూడాలె. బక్కయ్య చూపిస్తడు.

5. సేటును గవాయిగా పిలిపించు. టాంకీ తాళం చెవి ఎవరి దగ్గర ఉంటదో అడుగు.

6. పెంటమ్మ ప్రాణానికి ఐలవ్వకు పరిహారం ఇప్పించాలని సేటు మీద దావా వెయ్యి. ఏలీయా ముకద్దమా ఏమైనా సరే, అది ఆగొద్దు.

7. నేను అదాలతులో లేచి అరిస్తే నన్ను బయటికి పంపించు.

8. ఎద్దులు అడ్డం తిరిగినప్పటి నుంచి కంకర కుప్ప దాకా ఏలీయా చేసిన పనికి వాణ్ణి నిర్దోషి అనమని అడుగు. గొంతు చించుకొని అడుగు.

9. సున్నం రాయి దగ్గర వాడు చేసిన పనికి మాత్రం మాఫీ అడగకు. వాడు వద్దన్నడు.

ప్రకాశం